కంకర గుంటలో పచ్చిక అలలు: స్టార్మ్ కింగ్ యాత్ర

శుక్రవారం

అక్టోబరులో ఆకుల రంగులు చూడటానికి న్యూజెర్సీ నుంచి మనవాళ్ళు చాలామంది బేర్ మౌంటెన్ దాకా వస్తారు. అక్కడ ఫొటోలు తీసుకుని వెనక్కి తిరుగుతారు. ఇంకో అరగంట ఉత్తరంగా వెళ్తే, హడ్సన్ నదికి పడమటి వైపు, మౌంటెన్‌విల్ అనే చిన్న ఊరి పక్కన స్టార్మ్ కింగ్ ఆర్ట్ సెంటర్ ఉంది. 500 ఎకరాల నేల, దాని మీద ఆరుబయట నిలబెట్టిన పెద్ద పెద్ద శిల్పాలు. చుట్టూ అడవి, రెండు వైపులా కొండలు. చీమకుర్తి నుంచి నాన్న వచ్చినప్పుడు నయాగరాకి తీసుకెళ్ళమని అందరూ చెప్పారు. నేను ఇక్కడికి తీసుకొచ్చాను. నాన్న పని జీవితమంతా గ్రానైట్ క్వారీ ఆఫీసులో లెక్కలు రాయడంలోనే గడిచింది. రాయి అంటే ఏమిటో, నేల తవ్వాక ఏమవుతుందో ఆయనకి చెప్పక్కర్లేదు. ఈ చోటు ఆయనకి అర్థమవుతుందని నా నమ్మకం.

ముందే ఆన్‌లైన్‌లో టైం చూసుకుని టికెట్ తీసుకున్నాం. శుక్రవారం కాబట్టి రద్దీ తక్కువ. ఇంతకుముందు లోపల ఉన్న కారు పార్కింగులని తీసేసి, ఆ నేలని మళ్ళీ పచ్చిక చేశారు. కొత్త ప్రవేశ మండపం 2025లో తెరిచారు. లోపల తిరగడానికి ట్రామ్ ఉంది, అద్దె సైకిళ్ళున్నాయి. మేం మాత్రం నడిచాం. ఇక్కడ నడకే సరైన పద్ధతి. శిల్పం దూరంగా చిన్నగా కనిపించి, దగ్గరికి వెళ్ళేకొద్దీ పెరిగి పెరిగి మన తల మీదకి వస్తుంది. ట్రామ్‌లో కూర్చుంటే అది సగమే తెలుస్తుంది.

దక్షిణం వైపు మైదానాల్లో ముందుగా కనిపించేవి మార్క్ డి సువెరో చేసిన ఇనుప దూలాల నిర్మాణాలు. బ్రిడ్జీలకీ ఫ్యాక్టరీ షెడ్లకీ వాడే దూలాలే. డి సువెరో 1960లో ఒక లిఫ్ట్ ప్రమాదంలో నడుము విరిగి, ఇక నడవలేడనుకున్న స్థితి నుంచి లేచాడు. ఆ తర్వాత క్రేన్ నడపడం నేర్చుకుని, దాన్నే ఉలిగా చేసుకున్నాడు. 'పిరమిడియన్' అనే శిల్పం కింద నిలబడి పైకి చూస్తే మెడ నొప్పి పుడుతుంది. మధ్యలో వేలాడే దూలం గాలికి కొద్దిగా కదులుతోంది. నాన్న చాలాసేపు దాని అతుకులు చూశారు. "వెల్డింగ్ కంటే బోల్టులే ఎక్కువ నమ్ముకున్నాడమ్మా" అన్నారు. మా ఆయన ఇంజనీరు. ఇద్దరూ దాని మీద చర్చ మొదలుపెట్టారు.

బోల్టులకీ ఈ చోటుకీ సంబంధం ఉంది. దీన్ని 1960లో స్థాపించిన రాల్ఫ్ ఆగ్డెన్‌కి మౌంటెన్‌విల్‌లోనే స్టార్ ఎక్స్‌పాన్షన్ అనే కంపెనీ ఉండేది. బోల్టులు, స్క్రూలు చేసే కంపెనీ. ఆగ్డెన్, అల్లుడు పీటర్ స్టర్న్ కలిసి ఈ ఆర్ట్ సెంటర్‌ని నడిపారు. మొదట అనుకున్నది హడ్సన్ లోయ చిత్రకారుల బొమ్మలకి చిన్న మ్యూజియం కట్టాలని. గుట్ట మీద 1935లో కట్టిన రాతి బంగళాని అందుకే వాడాలనుకున్నారు. తర్వాత ఆగ్డెన్ మనసు ఆధునిక శిల్పం మీదకి మళ్ళింది. డేవిడ్ స్మిత్ అనే శిల్పి 1965లో కారు ప్రమాదంలో పోయాడు. ఆయన తన శిల్పాలని ఇంటి చుట్టూ ఉన్న పొలాల్లో వరసగా నిలబెట్టుకునేవాడు. ఆగ్డెన్ అక్కడికి వెళ్ళి, గడ్డిలో, ఎండలో నిలబడ్డ ఆ శిల్పాలు చూశాడు. 1967లో ఒకేసారి 13 కొన్నాడు. శిల్పానికి గోడలక్కర్లేదు, నేలా ఆకాశమూ చాలు అనే నమ్మకంతో ఈ తోట పెరిగింది.

అయితే ఆ నేల అప్పుడు బాగా లేదు. 1950లలో న్యూయార్క్ త్రూవే అనే పెద్ద హైవే వేసినప్పుడు దానికి కావలసిన కంకర ఇక్కడి నుంచే తవ్వుకెళ్ళారు. ఎక్కడ చూసినా గుంటలు, తెగిన గుట్టలు. విలియం రూథర్‌ఫర్డ్ అనే ల్యాండ్‌స్కేప్ ఆర్కిటెక్ట్ ఏళ్ళ తరబడి మట్టి కదిలించి, వాలులు సరిచేసి, చెట్లు నాటించి దీన్ని ఈ రూపానికి తెచ్చాడు. ఇప్పుడు సహజంగా పుట్టినట్టు కనిపించే ఈ మిట్టపల్లాల్లో చాలావరకు మనుషులు చేసినవే. ఆ హైవే ఇంకా పక్కనే ఉంది. మైదానంలో ఎక్కడ నిలబడినా లారీల హోరు వినిపిస్తూనే ఉంటుంది. కొందరికి అది చిరాకు. ఈ నేల కథ తెలిశాక నాకు మాత్రం అది ఇక్కడ ఉండాల్సిన శబ్దమే అనిపించింది.

ఇది నాన్నకి చెబుతూ మాయా లిన్ చేసిన 'వేవ్‌ఫీల్డ్' దగ్గరికి తీసుకెళ్ళాను. నేను ముఖ్యంగా చూపించాలనుకున్నది అదే. వాషింగ్టన్‌లో వియత్నాం యుద్ధ స్మారకం గీసినప్పుడు మాయా లిన్ వయసు 21. ఇంకా యేల్‌లో చదువుకుంటున్న అమ్మాయి. ఇక్కడ ఆమె తీసుకున్న చోటు 11 ఎకరాల పాత కంకర గుంట. బయటి నుంచి ఏమీ తెచ్చి పెట్టలేదు. అక్కడున్న కంకరనే ఏడు వరసల అలలుగా పోగు చేయించి, పైన మట్టి పరిచి గడ్డి వేయించింది. 2009లో జనానికి తెరిచారు. ఒక్కో అల శిఖరం మనిషికి రెండింతల ఎత్తు పైమాటే. అంచున నిలబడి చూస్తే పచ్చటి సముద్రం మన వైపు వస్తూ ఆగినట్టు ఉంటుంది. రెండు అలల మధ్య పల్లంలోకి దిగితే కొండలూ పోతాయి, రోడ్డూ పోతుంది. గడ్డి బలహీనంగా ఉన్న చోట్ల దిగొద్దని బోర్డులు పెడతారు. మేం అనుమతి ఉన్న అంచు వెంటే నడిచాం.

నాన్న చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, "మన దగ్గర ఆపేసిన గుంటల్లో నీళ్ళు నిలుస్తాయి, గేదెలు పడతాయి, పిల్లలు పడతారు. కంచె కూడా వేయరు. వీళ్ళు పూడ్చలేదు, దాచలేదు. తవ్విన చోటే అని తెలిసేట్టు ఉంచి బాగు చేశారు" అన్నారు. నేను చెప్పాలనుకున్నది ఆయనే చెప్పేశారు. చీమకుర్తి నల్లరాయి, బంగారు చుక్కల గెలాక్సీ గ్రానైట్, ఈ దేశంలో ఎన్ని ఇళ్ళ వంటగట్ల మీద ఉందో! ఆ రాయి వచ్చిన గుంటల సంగతి ఎవరూ అడగరు.

అక్కడి నుంచి అడవి అంచుకి వెళ్తే ఆండీ గోల్డ్స్‌వర్తీ గోడ. 1997, 98లో కట్టింది. 2,278 అడుగుల పొడవు, సుమారు 5 అడుగుల ఎత్తు. సిమెంటు లేదు, సున్నం లేదు, రాయి మీద రాయి పేర్చి నిలబెట్టిన గోడ. రాళ్ళన్నీ ఈ తోటలో ఏరినవే, 1,579 టన్నులు. ఇక్కడ ఒకప్పటి రైతుల పొలం గోడ కూలిపోయి ఉండేది. దాని ఆనవాలు పట్టుకుని బ్రిటన్ నుంచి వచ్చిన గోడ మేస్త్రీలు కట్టారు. పాత గోడ రాళ్ళ మధ్య మొలిచి పెద్దవైన చెట్లని ఒక్కటీ కొట్టలేదు. గోడే ప్రతి చెట్టునీ చుట్టి, మెలికలు తిరుగుతూ కిందికి దిగి చెరువులో మునుగుతుంది. అవతలి గట్టున పైకి లేచి ఇక మెలికలు లేకుండా తిన్నగా హైవే వైపు ఎక్కుతుంది. మేపుల్ ఆకులు రాలి గోడ పైవరస మీద ఎర్రగా పడి ఉన్నాయి. నాన్న ప్రతి వంపు దగ్గరా ఆగి రాళ్ళ కుదురు చూశారు. పెద్ద రాళ్ళు అడుగున, చిన్నవి మధ్యలో సందులు నింపడానికి, పైన నిలువుగా పేర్చిన వరస. ఆయన ఒక్క వంక పెట్టలేదు. రాతి పని విషయంలో అది చాలా అరుదు.

పొద్దు వాలేలోపు గబగబా చూసినవి మరికొన్ని ఉన్నాయి. వాటిలో ఇసాము నొగూచి చేసిన 'మొమొతారో' దగ్గర మళ్ళీ ఆగిపోయాం. జపాన్‌లోని షోదో ద్వీపంలో దొరికిన పెద్ద గ్రానైట్ బండ ఇది. తీసుకురావడానికి వీల్లేక రెండుగా చీలిస్తే, లోపల పీచ్ పండు టెంక తొలిచినట్టు కనిపించిందట. జపాన్ పిల్లల కథలో పీచ్ పండులోంచి పుట్టిన కుర్రాడి పేరే దానికి పెట్టాడు. మొత్తం తొమ్మిది రాళ్ళు, 40 టన్నులు. తోటలో దాదాపు ఏ శిల్పాన్నీ తాకనివ్వరు, దీని మీద మాత్రం ఎక్కొచ్చు, తొర్రలో కూర్చోవచ్చు. నాన్న లోపల కూర్చుని అరచేత్తో నిమిరి, ఎక్కడ ఉలి పని ఉందో ఎక్కడ నునుపు పట్టారో చెప్పారు.

చైనా శిల్పి జాంగ్ హువాన్ చేసిన మూడు కాళ్ళ బుద్ధుడు కూడా ఇక్కడే ఉన్నాడు. రాగితో, ఉక్కుతో చేసిన 28 అడుగుల విగ్రహం. ఒక పాదం కింద నేలలోంచి సగం పైకి వచ్చిన తల. సాంస్కృతిక విప్లవ కాలంలో పగలగొట్టిన బౌద్ధ విగ్రహాల ముక్కలని టిబెట్‌లో చూసి ఇలాంటివి చేశాడు. అమరావతి స్తూపం పలకలు సున్నపు బట్టీల్లోకి పోయిన సంగతి చిన్నప్పటి నుంచి వింటూ పెరిగినవాళ్ళకి ఆ ముక్కల బాధ పరాయిది కాదు.

శనివారం

నిన్న తోటలో రిచర్డ్ సెర్రా చేసిన 'షునెమంక్ ఫోర్క్' చూశాం. పది ఎకరాల పచ్చిక వాలులో సగం పాతిపెట్టిన నాలుగు ఉక్కు పలకలు. పైఅంచు సమంగా ఉంటుంది, కింద నేల మాత్రం దిగిపోతుంది. అలా పలక ఎంత బయటపడితే వాలు అంత ఉందని కంటికి తెలుస్తుంది. "ఇదేందమ్మా, తుప్పు పట్టనిచ్చారు?" అని నాన్న అడిగారు. ఆ ఉక్కులో రాగి, క్రోమియం లాంటివి కొద్దిగా కలుపుతారు. పైన పట్టే తుప్పు పొరే లోపలి లోహాన్ని కాపాడుతుంది, రంగు వేసే పని ఉండదు. ఆ శిల్పం పేరులో ఉన్న కొండ ఎదురుగానే కనిపిస్తుంది. ఇవాళ ఆ కొండ ఎక్కాం.

షునెమంక్ ఎత్తు 1,664 అడుగులు. పొడవాటి వెన్నులా సాగిన కొండ. తోట నుంచి చూస్తే శిల్పాల వెనక తెర ఇదే. ఆ తెర మీద ఇళ్ళూ టవర్లూ లేవకుండా ఉండాలని, తోట వెనక ఉన్న ఆగ్డెన్ కుటుంబ సంస్థ కొండలో పెద్ద భాగం కొనిపెట్టింది. తర్వాత అది ప్రజలకి దక్కి, ఇప్పుడు స్టేట్ పార్కుగా ఉంది. శిల్పం కోసం భూమి కొనేవాళ్ళున్నారు. శిల్పం వెనక కనిపించే చూపు కోసం కొండ కొనడం నాకు గొప్పగా తోచింది.

టేలర్ రోడ్ దగ్గర కారు పెట్టి, స్వీట్ క్లోవర్ ట్రైల్ పట్టుకున్నాం. ఇక్కడ అడవి దారులకి చెట్ల బోదెల మీద రంగు గుర్తులు వేస్తారు. ఈ దారికి తెలుపు, శిఖరం వెంట సాగే జెసప్ ట్రైల్‌కి పసుపు. ఒకదాని మీద ఒకటిగా రెండు గుర్తులుంటే మలుపు ఉందని అర్థం. ఈ దారులని చూసుకునేది ఎక్కువగా వాలంటీర్లు. మొదట గడ్డి మైదానం, ఆ తర్వాత ఓక్ చెట్ల నీడ, ఆపైన ఒకటే ఎక్కుడు. రాలిన ఆకుల కింద రాళ్ళు కనపడవు, కాలు జారుతుంది. నాన్న రోజూ తెల్లారకముందే లేచి నడిచే మనిషి. అయినా నాకు టెన్షన్‌గానే ఉండి, ప్రతి పావుగంటకీ ఆగుదామన్నాను. ఆయన మాత్రం ఊతకర్రతో ఆకులు పక్కకి నెట్టుకుంటూ ముందు నడిచారు.

పైకి చేరాక నేల మొత్తం రాయే. గులాబీ, వంగపండు రంగులు కలిసిన రాయిలో తెల్లటి క్వార్ట్జ్ గులకరాళ్ళు పొదిగినట్టు ఉంటాయి. ఇక్కడివాళ్ళు పుడ్డింగ్‌స్టోన్ అంటారు. డెవోనియన్ కాలంలో, అంటే 35 కోట్ల ఏళ్ళకి ముందే, నదులు మోసుకొచ్చిన గులకరాళ్ళు ఇసుకతో కలిసి గట్టిపడి ఈ రాయి అయింది. చాలా తర్వాత మంచుయుగంలో హిమానీనదాలు దీని మీద నుంచి జరిగి వెళ్ళాయి. గులకరాళ్ళని కూడా అడ్డంగా కోసి నున్నగా చేశాయి. నాన్న మోకాళ్ళ మీద కూర్చుని చెయ్యి పెట్టి చూశారు. ఫ్యాక్టరీలో పలకకి పాలిష్ పట్టాలంటే ఎన్ని రకాల రాళ్ళు మార్చాలో, ఎంత నీళ్ళు పోయాలో వివరించి, "ఇక్కడ మంచు పట్టింది పాలిష్" అన్నారు. అదే రాయి మీద పొడవాటి గీతలున్నాయి. మంచు అడుగున ఇరుక్కున్న రాళ్ళు గీసినవి. మంచు ఏ దిక్కుకి జరిగిందో వాటిని బట్టి తెలుస్తుంది.

శిఖరం మీద మట్టి తక్కువ. గాలికి వంగిపోయిన పిచ్ పైన్ చెట్లు, నడుము ఎత్తు పొదలు, ఎర్రబడ్డ బ్లూబెర్రీ ఆకులు. తూర్పు అంచుకి వచ్చి చూస్తే కింద త్రూవే, దాని అవతల నిన్న తిరిగిన మైదానాలు. డి సువెరో ఎర్ర దూలాలు చిన్న చుక్కల్లా ఉన్నాయి. ఇంకా దూరంగా హడ్సన్ వైపు స్టార్మ్ కింగ్ కొండ. అక్కడే కూర్చుని పెరుగన్నం, మాగాయ తిన్నాం. గాలి బాగా చల్లగా ఉంది, ఎక్కువసేపు కూర్చోలేకపోయాం.

సాయంత్రం హోటల్‌కి వెళ్ళే దారిలో మూడ్నా రైలు వంతెన కింద కారు ఆపాం. లోయకి అడ్డంగా ఉక్కు స్తంభాల మీద 3,200 అడుగుల పొడవు, 193 అడుగుల ఎత్తు. 1909లో తెరిచారు. ఇప్పటికీ పోర్ట్ జెర్విస్ రైళ్ళు దాని మీదే నడుస్తాయి. శిల్పాల తోటలో పెట్టకపోయినా దాన్ని శిల్పమే అనాలి.

ఆదివారం

తోటకి పేరిచ్చిన స్టార్మ్ కింగ్ కొండ ఎక్కడం ఆఖరి రోజుకి ఉంచుకున్నాం. 9డబ్ల్యూ రోడ్డు పక్కన పార్కింగ్ నుంచి నారింజ గుర్తుల దారి బట్టర్ హిల్ మీదకి తీసుకెళ్తుంది. దారిలో పాత ఇంటి రాతి స్తంభాలు మూడు, చెట్ల మధ్య ఒంటరిగా నిలబడి ఉన్నాయి. దారి నిటారుగా ఉంటుంది కానీ దూరం తక్కువ. రెండు మూడు చోట్ల చేతులు కూడా వాడి ఎక్కాలి. దారి తప్పి అడవిలోకి పోవద్దని ఇక్కడ గట్టిగా హెచ్చరిస్తారు. పక్కనే ఉన్న వెస్ట్ పాయింట్ సైనిక స్థావరం నుంచి పూర్వం పేల్చిన గుండ్లు కొన్ని పేలకుండా ఈ కొండలో ఉండిపోయాయి. 1999లో అడవి అంటుకున్నప్పుడు ఆ మంటకి కొన్ని పేలాయి. శుభ్రం చేసేదాకా కొండని మూసేశారు.

పసుపు గుర్తుల స్టిల్‌మన్ ట్రైల్ మీద ఉత్తరపు అంచుకి చేరితే హడ్సన్ మొత్తం కనిపిస్తుంది. ఎదురుగా అవతలి ఒడ్డున బ్రేక్‌నెక్ రిడ్జ్, ఎగువన నది మధ్య చిన్న ద్వీపంలో బ్యానర్‌మన్ కోట శిథిలాలు, దూరంగా న్యూబర్గ్, బీకన్‌లని కలిపే వంతెన. సముద్రం ఇంత దూరంలో ఉన్నా ఇక్కడి నీటికి పోటుపాట్లున్నాయి.

ఈ కొండ ఇలా మిగలడం వెనక పెద్ద పోరాటం ఉంది. 1962లో న్యూయార్క్ కరెంటు కంపెనీ కాన్ ఎడిసన్, కొండ పాదాన్ని తొలిచి పంప్డ్ స్టోరేజ్ కేంద్రం కట్టాలనుకుంది. మన శ్రీశైలం ఎడమగట్టు కేంద్రం తెలిసినవాళ్ళకి పద్ధతి తెలుసు. కరెంటు మిగిలే వేళ నీళ్ళు పైకి తోడి నిలబెట్టుకోవడం, అవసరమైన వేళ కిందికి వదిలి టర్బైన్లు తిప్పడం. ఇక్కడ నది నుంచి తోడి కొండల వెనక రిజర్వాయర్‌లో నింపాలని. 1963లో చుట్టుపక్కల వాళ్ళు సీనిక్ హడ్సన్ అనే సంఘం పెట్టారు. లైసెన్సు ఇచ్చిన ఫెడరల్ పవర్ కమిషన్ మీద కోర్టుకి వెళ్ళారు. నష్టం డబ్బులో చూపించలేని మనుషులకి కేసు వేసే హక్కే లేదన్నది అవతలి వాదన. 1965 డిసెంబరులో అప్పీలు కోర్టు దాన్ని ఒప్పుకోలేదు. కొండ అందం, చరిత్ర, చేపల సంగతి కూడా కమిషన్ లెక్కలోకి తీసుకోవాలని, వాటి తరఫున పౌరుల సంఘం అడగొచ్చని చెప్పింది. అమెరికాలో పర్యావరణ చట్టం అనేదానికి దారి వేసిన తీర్పుల్లో దీన్ని ముందు చెబుతారు. ఆ తర్వాత నదిలో పుట్టే స్ట్రైప్డ్ బాస్ చేప గుడ్లని, పిల్లలని పంపులు లాగేస్తాయనే వాదన గట్టిపడింది. చివరికి 1980 డిసెంబరులో ఒప్పందం కుదిరి కంపెనీ ప్రాజెక్టు మానుకుంది. ఆ స్థలం పార్కుకి ఇచ్చింది.

ఇదంతా బండ మీద కూర్చుని చెప్పాను. నాన్న విని, "లాయర్ల ఫీజు ఎవరిచ్చారు?" అన్నారు. సరైన ప్రశ్నే. ముందు నిలబడ్డవాళ్ళలో డబ్బూ పరిచయాలూ ఉన్నవాళ్ళు చాలామందే ఉన్నారు, వాళ్ళ ఇళ్ళు ఈ నది వైపు చూస్తాయి. పేదవాళ్ళ ఊరయితే పదిహేడేళ్ళు ఈ పోరాటంలో నిలబడేదా అంటే చెప్పడం కష్టం. ఆ మాటే ఒప్పుకున్నాను. కానీ గెలిచింది ఆ ఇళ్ళకి మాత్రమే దక్కలేదు. ఆ తీర్పు పట్టుకుని తర్వాత ఎన్నో ఊళ్ళవాళ్ళు కోర్టు మెట్లెక్కారు. ఇవాళ మాతోపాటు కొండ మీద స్పానిష్, కొరియన్, బెంగాలీ మాట్లాడే కుటుంబాలున్నాయి. ఎవరూ టికెట్ కొనలేదు. నాన్న ఆ తీర్పు ఎక్కడైనా చదవడానికి దొరుకుతుందా అని అడిగారు. క్వారీ దుమ్ము మీద కలెక్టరాఫీసుకి అర్జీలు పెట్టే పాత స్నేహితుడు ఒకాయన ఊళ్ళో ఉన్నారు, ఆయనకి పంపాలట. రాత్రికి తెలుగులో సారాంశం రాసి వాట్సాప్‌లో పెడతానన్నాను. "సారాంశం కాదు, కోర్టు ఏ కారణాలు చెప్పిందో వరసగా రాయి" అన్నారు.

దిగేటప్పుడు తెల్ల గుర్తుల బైపాస్ ట్రైల్ తీసుకున్నాం. మోకాళ్ళకి అది కాస్త నయం. పార్కింగ్‌లో ప్యాంటు అంచులు, మేజోళ్ళు విప్పి పిడుదులు ఏమైనా పట్టాయేమో చూసుకున్నాం. జింకలున్న ఈ అడవుల్లో పిడుదుల వల్ల లైమ్ అనే జబ్బు వస్తుంది, ఎంత అలసటగా ఉన్నా ఆ పని వాయిదా వేయకూడదు. నాన్న కారు వెనక సీట్లో కూర్చుని అప్పుడే స్నేహితుడికి ఫోన్ చేయబోయారు. అక్కడ అర్ధరాత్రి దాటిందని చెప్పి ఆపాను.